మాట పోయినా పాట పోనివ్వలేదు

"పదిహేడేళ్లొచ్చాయి, ఇప్పుడు సంగీతమేం నేర్చుకుంటాడులే!" అని మనం పిల్లల్ని తీసిపారేస్తుంటాం. జర్మనీకి చెందిన హెర్మన్ బౌమాన్ హార్న్ చేతబట్టింది ఆ వయసులోనే! అంతకుముందు పాటలు పాడేవారు, జాజ్ డ్రమ్స్ వాయించేవారు.

హార్న్ అంటే జిలేబీలా చుట్లు తిరిగిన ఇత్తడి బాకా. ఆ చుట్లు విప్పితే సుమారు 12 అడుగులుంటుంది. పెదవుల బిగువు కాస్త తప్పితే చాలు, స్వరం తప్పినట్టే.

బౌమాన్ 1934లో హాంబర్గ్‌లో పుట్టారు. ఆర్కెస్ట్రాల్లో పన్నెండేళ్లు ప్రధాన వాద్యకారుడిగా ఉన్నారు. 1964లో మ్యూనిక్ అంతర్జాతీయ పోటీలో మొదటి బహుమతి అందుకున్నారు. ఆ తర్వాత దేశదేశాల్లో సోలో కచేరీలే! మీటలు లేని పాతకాలపు హార్న్ కూడా ఆయనకు కొట్టిన పిండి. దానికి కుడిచేతిని బాకా నోట్లో ఉంచి, మూస్తూ తెరుస్తూ స్వరాలు పలికించాలి.

1967 నుంచి ఎస్సెన్‌లోని ఫోక్వాంగ్ కళాశాలలో దాదాపు ముప్పై ఏళ్లు పాఠాలు చెప్పారు.

1993లో పక్షవాతం వచ్చింది. మాట పడిపోయింది. ఊపిరీ పెదవులే ఆధారమైన విద్వాంసుడికి ఎంత కష్టమో ఆలోచించండి! అయినా ఆయన అధైర్యపడలేదు. పసిపిల్లాడిలా మాటలు మళ్లీ నేర్చుకున్నారు, హార్నూ మళ్లీ మొదటినుంచి పట్టారు. తిరిగి వేదికెక్కారు, మళ్లీ శిష్యులకు నేర్పారు. 2023 డిసెంబరులో, 89వ ఏట కన్నుమూశారు.

మన ఇళ్లలోనూ పక్షవాతంతో మంచానపడ్డ పెద్దవాళ్లుంటారు. "ఇక ఇంతేలే" అని వాళ్లెదుట అనకండి. మాటకు, చేతికి ఏ అభ్యాసాలు చేయించాలో డాక్టరుని అడిగి, రోజూ దగ్గరుండి చేయించండి. వాళ్లకు ఇష్టమైన పాట ఒకటి పక్కన కూర్చుని పాడండి. కలిపి పాడాలని వాళ్లకీ అనిపించవచ్చు!