బళ్లారి నాటకరంగము: ఆవిర్భావము, పునరుజ్జీవనము

ఆంధ్రనాటక చరిత్రలో బళ్లారి స్థానము విశిష్టమైనది. 1886లో ధర్మవరము రామకృష్ణమాచార్యులు అచ్చట సరసవినోదినీ సభను స్థాపించిరి. సంస్కృత నాటకసంప్రదాయము అంగీకరింపని విషాదాంతమును ఆయన ‘విషాద సారంగధర’మున ప్రవేశపెట్టిరి. కోలాచలము శ్రీనివాసరావుగారి సుమనోరమ సభ దానికి దీటుగా నిలిచి చారిత్రక నాటకములను ప్రోత్సహించినది. ఈ స్పర్ధవలన రంగస్థలము పుష్టినొందెను.

కాలక్రమమున పద్యగానము అభినయమును మ్రింగివేయగా, ఆచార్యులవారి మేనల్లుడగు బళ్లారి రాఘవ (1880–1946) సహజాభినయమునకు ప్రాణము పోసిరి. స్త్రీపాత్రలను స్త్రీలే ధరింపవలెనని వాదించిరి.

1953లో బళ్లారి మైసూరు రాష్ట్రమున చేరినది. అయినను రాఘవ పేర వెలసిన కళామందిరము నేటికిని ఆ నగరమున కలదు. కావున ఆంధ్రనాటక చరిత్రను రాష్ట్రపు ఎల్లలతో కొలుచుట తగదు.