ఘటోత్కచుడితో రెండుసార్లు

దర్శకుడు సింగీతం శ్రీనివాసరావు పేరు చెప్పగానే ‘పుష్పక విమానం’, ‘ఆదిత్య 369’ గుర్తొస్తాయి. ఆయన రెండు పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాలు కూడా తీశారన్న సంగతి చాలామందికి తట్టదు.

సింగీతం 1931లో నెల్లూరు జిల్లా ఉదయగిరిలో పుట్టారు. దర్శకుడు కె.వి.రెడ్డి దగ్గర సహాయకుడిగా చేరి పని నేర్చుకున్నారు. 1957 నాటి ‘మాయాబజార్’కు పనిచేసినవారిలో ఆయనా ఒకరు. అందులో ఘటోత్కచుడైన ఎస్వీ రంగారావు పెళ్లివిందు ముందు కూర్చుంటే లడ్లు వాటంతటవే లేచి నోట్లోకి దూకుతాయి. కంప్యూటర్ ఊసే లేని రోజుల్లో ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లీ కెమెరాతో చేసిన మాయ అది. ప్రాణం లేనిదాన్ని కదిలించి చూపడమే యానిమేషన్ అనుకుంటే, సింగీతం అక్షరాభ్యాసం అక్కడే జరిగిందనాలి.

1972లో ‘నీతి నిజాయితి’తో ఆయన దర్శకుడయ్యారు. 1987లో వచ్చిన ‘పుష్పక విమానం’లో ఒక్క మాటా లేదు. కదలికతోనే నవ్వించే ఆ సినిమా కార్టూన్ చిత్రాలకు దగ్గరి చుట్టం.

అసలు యానిమేషన్‌లోకి దిగింది మాత్రం ‘సన్ ఆఫ్ అల్లాదీన్’ (2003)తో. చెన్నైలోని పెంటామీడియా గ్రాఫిక్స్ నిర్మించిన ఈ త్రీడీ చిత్రానికి మోషన్ క్యాప్చర్ పద్ధతి వాడారు. నటుల ఒంటిమీద అక్కడక్కడా గుర్తులు అతికిస్తారు. చుట్టూ అమర్చిన కెమెరాలు ఆ గుర్తుల కదలికను పట్టి కంప్యూటర్‌కు అందిస్తాయి. దాన్ని తెరమీది బొమ్మకు తొడుగుతారు. నడక మనిషిది, రూపం బొమ్మది. చిక్కల్లా ముఖంతోనే. కాళ్లూ చేతులూ దొరికినంత సులువుగా కళ్లలోని భావం దొరకదు. అదే సంస్థ అంతకుముందు ‘సింద్‌బాద్’ (2000)ను కూడా ఈ పద్ధతిలోనే తీసింది.

 

‘మాయాబజార్’ వచ్చిన 51 ఏళ్లకు, 2008లో, సింగీతం మళ్లీ ఘటోత్కచుడి దగ్గరికే వెళ్లారు. అప్పటికి ఆయనకు 76 ఏళ్లు. ఆయన రెండో యానిమేషన్ చిత్రం ‘ఘటోత్కచ్’లో ఆ రాక్షస వీరుడు చిన్నపిల్లాడు, తల్లి హిడింబి చాటు బిడ్డ, ఒక ఏనుగు గున్నకు నేస్తం. సాలూరి రాజేశ్వరరావు దగ్గర సంగీతం నేర్చుకుని, కన్నడ సినిమాలకు బాణీలు కట్టిన సింగీతం, ఈ చిత్రానికి పాటలు కూడా తనే స్వరపరిచారు.