మసి మీద పాట ఎలా మిగిలింది?

ఎప్పుడో ఆగిపోయిన కంపనాలను మళ్ళీ వినడం కథల్లోనే కుదురుతుందనుకుంటాం. కానీ నిజంగానే జరిగింది!

పారిస్‌లో అచ్చుపని చేసే లియోన్ స్కాట్ 1857లో ఒక యంత్రానికి పేటెంట్ తీసుకున్నాడు. బూరలోకి పాడితే, చివర బిగించిన పల్చటి పొర అదురుతుంది. దానికి అతికించిన గట్టి వెంట్రుక, దీపపు మసి పట్టించిన కాగితం మీద వంకర గీత గీస్తుంది. అంతే. గొంతును కంటితో చూడాలన్నదే ఆయన ఆశ. తిరిగి వినే దారి అప్పట్లో లేదు.

1860 ఏప్రిల్ 9న ఒక పాటకు ఆ యంత్రం గీసిన గీతను 2008లో కంప్యూటర్‌తో వినిపించారు. ఆడపిల్ల గొంతు అనుకున్నారు. ఎందుకు? రెట్టింపు వేగంతో నడిపారు మరి. పాట పక్కనే శృతిదండం గీసిన గీత కూడా ఉంది. దాని కంపనాల లెక్క సరిచేయగానే మగగొంతు వినబడింది. అది స్కాట్‌దేనని పరిశోధకుల నమ్మకం.