కెమెరా వెతుక్కుంటూ వచ్చిన ముఖం

మొదటి ప్రపంచ యుద్ధం ముగింపుకొచ్చిన 1918. బల్గేరియా పాత రాజధాని తర్నోవోలో ఓ తోట. యుద్ధఖైదీల శిబిరాన్ని నడిపే కల్నల్‌ది అది. ఆకలికి తాళలేని ఓ సెర్బియా ఖైదీ దొంగచాటుగా చొరబడి పీచ్ పండ్లు కోసుకుంటాడు. కల్నల్ భార్య లీసా కంటపడతాడు. ఆమె అతణ్ని పట్టివ్వదు. తర్వాత అతని కోసం ఎదురుచూడటం మొదలుపెడుతుంది.

ఎమిలియన్ స్తానెవ్ రాసిన ఈ కథ 1964లో 'పీచ్ పండ్ల దొంగ'గా తెరకెక్కింది. లీసాగా నటించిన నెవెనా కొకనోవాకి అప్పుడు పాతికేళ్లు. బల్గేరియా సినిమాకి ప్రథమ మహిళ అని ఆ దేశం నేటికీ ఆమెనే చెప్పుకుంటుంది.

1938 డిసెంబరు 12న దుప్నిత్సాలో పుట్టింది నెవెనా. తల్లిది ఆస్ట్రియా మూలాలున్న కులీన కుటుంబం. కమ్యూనిస్టు పాలన వచ్చాక అలాంటి ఇళ్ల పిల్లలను అనుమానంగా చూసేవారు. నటనలో ఆమెకు డిగ్రీ లేదు. టీనేజీలోనే యాంబోల్ పట్టణంలోని నాటకశాలలో శిక్షణ నటిగా చేరి, రంగస్థలం మీదే పని నేర్చుకుంది. తర్వాత సోఫియాలోని వ్యంగ్య నాటకశాలకు మారింది. దేశంలోని గొప్ప హాస్యనటులు చేరిన చోటది. వాళ్ల మధ్య నిలబడి మాటను ఎక్కడ ఆపాలో తెలుసుకున్న నటికి, తెరమీద మాటలతో పెద్దగా పనిలేకపోయింది.

1962లో 'పొగాకు' వచ్చింది. దిమితర్ దిమోవ్ రాసిన పెద్ద నవల అది; పార్టీ ఒత్తిడితో రచయిత దాన్ని తిరగరాయాల్సి వచ్చింది. పొగాకు కంపెనీ సొమ్ముకీ ప్రేమకీ మధ్య నలిగి, లోపల్లోపలే మొద్దుబారిపోయే ఇరీనా పాత్ర నెవెనాది. సినిమా కాన్ చిత్రోత్సవం దాకా వెళ్లింది. దీనికి కెమెరామన్ వలో రాదెవ్. దర్శకుడిగా తన తొలి సినిమా 'పీచ్ పండ్ల దొంగ'కి ఆయన ఆమెనే తీసుకున్నాడు. దాని కెమెరామన్ తొదోర్ స్తొయానోవ్ కూడా తర్వాత దర్శకుడై, గ్రీషా ఓస్త్రోవ్‌స్కీతో కలిసి 1967లో 'దారి మళ్లింపు' తీశాడు. నాయిక మళ్లీ నెవెనాయే. లెన్సులోంచి ఆ ముఖాన్ని నెలల తరబడి చూసినవాళ్లే ఒకరి తర్వాత ఒకరు ఆమెను వెతుక్కుంటూ వచ్చారు. నటికి ఇంతకన్నా నమ్మదగిన యోగ్యతాపత్రం ఉంటుందనుకోను.

లీసా దగ్గర కాసేపు ఆగాలి. బల్గేరియా, సెర్బియా 1913లోనూ, మొదటి ప్రపంచ యుద్ధంలోనూ ఒకదాని మీద ఒకటి తుపాకులెత్తిన ఇరుగుపొరుగు. ఖైదీగా వేసింది కూడా నిజంగా సెర్బియా నటుడే, రాదె మార్కోవిచ్. ఈ కథలో లీసాని ఏడిపించి సానుభూతి రాబట్టడం చాలా సులువు. నెవెనా ఆ దారి తొక్కలేదు. భర్త మంచివాడు కాదని నిరూపించే ప్రయత్నమూ చేయలేదు. ఇన్నాళ్లూ తను బతకనేలేదని లీసాకి మెల్లగా తెలిసివస్తుంది. అది మనకు ఆమె చూపులోనే అందుతుంది. కథ తుపాకీ గుండుతో ముగుస్తుంది. శత్రువుని మనిషిగా చూసినందుకు పడే శిక్ష అది.

'దారి మళ్లింపు' కవయిత్రి బ్లాగా దిమిత్రోవా రచన. యవ్వనంలో ప్రేమించుకుని, నాటి సిద్ధాంతాల కరకుదనంలో విడిపోయిన జంట ఏళ్ల తర్వాత రోడ్డు మీద అనుకోకుండా కలుస్తుంది. కొన్ని గంటల కారు ప్రయాణం, అంతే. ఈ సినిమా మాస్కో చిత్రోత్సవంలో బంగారు బహుమతి గెలిచింది.

నెవెనా భర్త ల్యుబొమిర్ షర్లాంద్జియెవ్ కూడా దర్శకుడే. 1979లో, 'మూడు మహాపాపాలు' నిర్మాణంలో ఉండగా చనిపోయాడు. సగంలో ఆగిన సినిమాని నెవెనాయే పూర్తిచేసింది. 1980లో అది విడుదలైంది. ఆ దుఃఖంలో కెమెరా వెనక నిలబడటానికి ఎంత గుండె కావాలో ఆలోచించండి. నన్నడిగితే ఆమె చేసినవాటిలో అత్యంత కష్టమైన పని ఇదే.

2000 జూన్ 3న, 61 ఏళ్ల వయసులో సోఫియాలో కన్నుమూసింది. శిక్షణ నటిగా ఆమె అడుగుపెట్టిన యాంబోల్ నాటకశాలకు ఇప్పుడు ఆమె పేరే పెట్టారు.

బల్గేరియా సినిమా మనకు పరిచయం లేనిది. మొదలుపెట్టాలనుకుంటే 'పీచ్ పండ్ల దొంగ'తో మొదలుపెట్టండి. నలుపు తెలుపు సినిమా కదా అని వెనకాడకండి.