బ్రూస్‌లీ మీద పందెం కాసిన నిర్మాత!

జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల... ఏ ఊళ్లో కరాటే నేర్చుకున్నా బ్రూస్‌లీ పేరు వినకుండా ఉండరు. మరి ఆయన్ను పెద్ద తెరపై హీరోని చేసిందెవరో తెలుసా? రేమండ్ చౌ!

హాంకాంగ్‌లో 1927లో పుట్టిన చౌ మొదట జర్నలిస్టు. తర్వాత అక్కడి సినిమా దిగ్గజం షా బ్రదర్స్‌లో పబ్లిసిటీ పనితో చేరి, నిర్మాణం చూసుకునే స్థాయికి ఎదిగారు. అంత మంచి ఉద్యోగం వదిలేసి 1970లో లియొనార్డ్ హోతో కలిసి ‘గోల్డెన్ హార్వెస్ట్’ పెట్టారు. ఎదురుగా ఉన్నది పాత యజమానే!

షా బ్రదర్స్ అందరికీ ఇచ్చే మామూలు కాంట్రాక్టే బ్రూస్‌లీకీ ఇస్తామంది. చౌ మాత్రం రెండు సినిమాలకు 15,000 డాలర్లు ఇచ్చారు. 1971లో ‘ద బిగ్ బాస్’ హాంకాంగ్ రికార్డులు బద్దలుకొట్టింది. ఆ తర్వాత బ్రూస్‌లీని నిర్మాణంలో భాగస్వామినే చేసుకున్నారు.

1973 జులైలో, ‘ఎంటర్ ద డ్రాగన్’ విడుదల కాకముందే, 32 ఏళ్ల బ్రూస్‌లీ చనిపోయారు. కంపెనీ పనైపోయిందనుకోవాల్సిన టైమది. చౌ ఆగలేదు. హుయ్ సోదరుల కామెడీలు తీశారు, తర్వాత జాకీచాన్‌తో హిట్లు కొట్టారు. 1990లో ‘నింజా టర్టిల్స్’తో హాలీవుడ్‌లోనూ గెలిచారు.

2018లో, 91 ఏళ్ల వయసులో కన్నుమూశారు. తెరపై ఒక్క కిక్ కూడా కొట్టకుండానే కుంగ్‌ఫూని ప్రపంచానికి చూపించారాయన!