సంగీత దర్శకుడికి జీతం ఎవరిస్తారు?

బిలాస్‌పూర్ నెహ్రూ నగర్‌లో మా చుట్టూ ఉన్నవి ఎక్కువగా రైల్వే, బ్యాంకు కుటుంబాలే. ఒకటో తారీఖు జీతానికి అలవాటుపడ్డవాళ్లం. ఇంట్లో పిల్లలు కీబోర్డు నేర్చుకుంటే ముచ్చటపడతాం. అదే వృత్తిగా చేసుకుంటామంటే మాత్రం “నెలనెలా ఏమొస్తుంది?” అని అడుగుతాం. న్యాయమైన ప్రశ్నే. జవాబు కావాలంటే ఆ వృత్తి ఎలా నడుస్తుందో తెలియాలి.

పని ఏమిటి?

సినిమాలో సంగీత దర్శకుడికి రెండు పనులు. మొదటిది పాటలు. ఇవి సాధారణంగా షూటింగుకు ముందే తయారవుతాయి. రెండోది నేపథ్య సంగీతం. ఎడిటింగ్ అయ్యాక ఒక్కో సన్నివేశం చూస్తూ చేస్తారు. దీన్నే రీరికార్డింగ్ అంటారు. టీవీ సీరియల్‌కైతే టైటిల్ పాట ఒక్కసారి చేస్తే అన్ని ఎపిసోడ్లలోనూ వినిపిస్తుంది.

దారి ఎంత దూరం?

కొవ్వూరులో 1961లో పుట్టిన ఎం.ఎం. కీరవాణి, 1987లో చక్రవర్తి గారి దగ్గర సహాయకుడిగా చేరారు. సంగీత దర్శకుడిగా ‘మనసు మమత’ 1990లో వచ్చింది. మరుసటి ఏడాది ‘క్షణ క్షణం’తో పేరొచ్చింది. 1997 నాటి ‘అన్నమయ్య’కు జాతీయ అవార్డు, 2023లో ‘నాటు నాటు’కు చంద్రబోస్ గారితో కలిసి ఆస్కార్ అందుకున్నారు. సహాయకుడిగా చేరినప్పటి నుంచి లెక్కేస్తే 36 ఏళ్లు. మనలో ఒకరు క్లర్కుగా చేరి రిటైరయ్యేంత సర్వీసు!

ఆయన తమ్ముడు కల్యాణి మాలిక్ ‘అమృతం’ సీరియల్ టైటిల్ పాటతో ఇంటింటికీ తెలిశారు. ఆ సీరియల్ నిర్మాత గుణ్ణం గంగరాజు గారే తీసిన ‘ఐతే’ సినిమాకు 2003లో ఆయనే సంగీతం అందించారు. ఈ రంగంలో ఇంటర్వ్యూ కాల్ లెటర్లు రావు. చేసిన పనే తర్వాతి పనిని తెచ్చిపెడుతుంది.

డబ్బు ఎలా వస్తుంది?

సినిమాకు ఇంత అని మాట్లాడుకుని విడతలుగా ఇస్తారు. ప్యాకేజీ పద్ధతిలో అయితే వాద్యకారులు, గాయకులు, స్టూడియో ఖర్చులు పోగా మిగిలిందే సంగీత దర్శకుడిది. కాబట్టి పెద్ద అంకె చూసి మురిసిపోకూడదు.

రెండో ఆదాయం రాయల్టీ. నిర్మాత డబ్బిచ్చి చేయించుకున్న పాటకు, వేరే ఒప్పందం లేకపోతే, నిర్మాతే మొదటి హక్కుదారు అని సుప్రీంకోర్టు 1977లో తీర్పు చెప్పింది. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించారు. పాట హక్కులు రాసిచ్చినా, రాయల్టీలో సమాన వాటా పొందే హక్కును రచయిత, స్వరకర్త వదులుకోవడం కుదరదు. వదులుకున్నట్టు సంతకం పెట్టినా చెల్లదు. సినిమా హాల్లో సినిమాతో పాటు వినిపించినప్పుడు మాత్రం ఇది వర్తించదు. టీవీ, రేడియో, మొబైల్ యాప్‌లకు వర్తిస్తుంది. కాపీరైట్ స్వరకర్త జీవితకాలం, ఆ తర్వాత మరో 60 ఏళ్లు ఉంటుంది. రాయల్టీ వారసులకూ అందుతుంది. మన ఫ్యామిలీ పెన్షన్‌లాంటిదే అనుకోవచ్చు. కాకపోతే పాట వినేవాళ్లున్నంత వరకే వస్తుంది.

ఆ వాటా దానంతటదే రాదు. 1969లో ఏర్పడిన ఐ.పి.ఆర్.ఎస్. సంస్థలో సభ్యత్వం తీసుకుని, ప్రతి పాటనూ నమోదు చేయించాలి.

తల్లిదండ్రులు ఏం చేయాలి?

ఒప్పందం చదవకుండా సంతకం పెట్టవద్దని పిల్లలకు నేర్పండి. తొలి సంపాదన నుంచే ఆదాయపు పన్ను రిటర్నులు వేయించండి. శాలరీ స్లిప్ లేనివారికి గృహరుణం ఇచ్చేటప్పుడు మనం అడిగేది అవే. అవకాశాల మధ్య ఖాళీ నెలలు తప్పవు కనుక కనీసం ఆరు నెలల ఇంటి ఖర్చు డిపాజిట్‌లో ఉంచాలి. ఆరోగ్య బీమా, పి.పి.ఎఫ్. కూడా సొంతంగా చూసుకోవాలి. ఇవన్నీ కూర్చుని లెక్కవేశాక పిల్లలకు సరే అనండి, లేదా కాదనండి.