ద్వారక కట్టిన చిత్రకారుడు

గూడూరు: సినిమా కోసం కోస్తా జిల్లాల నుంచి మద్రాసు రైలెక్కిన తెలుగువాడికి ఒకప్పుడు గూడూరు జంక్షన్ దాటక తప్పేది కాదు. ఇక్కడి నుంచి మద్రాసు సుమారు 140 కిలోమీటర్లు. వేషాల కోసం వెళ్లి నెగ్గుకొచ్చినవారిని జనం గుర్తుపెట్టుకున్నారు. కుంచె పట్టుకుని వెళ్లినవారి పేర్లు మాత్రం టైటిల్సులో ఒక్క క్షణం మెరిసి మాయమయ్యేవి. హాల్లో జనం ఇంకా సీట్లు వెతుక్కుంటూ ఉండే సమయం అది!

అటువంటి పేరే మాధవపెద్ది గోఖలే. గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరులో 1917లో పుట్టారు. మద్రాసు ఆర్ట్స్ స్కూల్లో దేవీప్రసాద్ రాయ్ చౌదురి వద్ద చిత్రకళ అభ్యసించారు. ‘ప్రజాశక్తి’ పత్రికలో పనిచేశారు. మా. గోఖలే పేరుతో పల్లెటూరి బీదాబిక్కీ మీద కథలు రాశారు. ‘బల్లకట్టు పాపయ్య’ను కథాప్రియులు ఇప్పటికీ తలుచుకుంటారు. గుడిసెల గురించి రాసిన ఆ చేయే విజయా వారికి రాజసౌధాలు గీసిపెట్టింది. ఇందులో వైరుధ్యం ఉందనేవారు ఉండవచ్చు. గుడిసెనైనా మేడనైనా కళ్లు విప్పి చూసినవాడే గీయగలడని మా అభిప్రాయం.

1951లో ‘పాతాళభైరవి’, 1955లో ‘మిస్సమ్మ’, 1957లో ‘మాయాబజార్’, 1961లో ‘జగదేకవీరుని కథ’, 1962లో ‘గుండమ్మ కథ’ – వీటన్నిటికీ కళాదర్శకులు గోఖలే, కళాధర్ జంటే. పాతాళ గుహకూ గుండమ్మ ఇంటి వసారాకూ పోలిక లేదు గదా! చూసేవాడికి అది సెట్టు అన్న సంగతే తట్టకపోవడం ఈ పనిలో నేర్పు. తట్టకపోవడం వల్లనే మెప్పూ తక్కువ.

‘మాయాబజార్’ దర్శకుడు కె.వి. రెడ్డిది తాడిపత్రి, నిర్మాతల్లో ఒకరైన బి. నాగిరెడ్డిది కడప జిల్లా పొట్టిపాడు. అంటే రాయలసీమ పెద్దలు అప్పగించిన పని ఇది. సినిమాలో కనిపించే ద్వారక 50 అడుగుల వెడల్పు, 60 అడుగుల పొడవు గల జాగాలో ఇమిడిన బొమ్మల నగరం. దేనికదే వేరుగా రూపొందించిన ఇళ్లు అందులో 300 ఉన్నాయి. ఇలాంటి బొమ్మ ఊళ్లలో కొలతే ప్రాణం. తలుపు, మెట్టు, గోపురం ఒకే లెక్కలో తగ్గకపోతే తెరమీద అట్టపెట్టెల వరసలా కనిపిస్తుంది. దానిమీద వెన్నెల పడినట్టు వెలుగు సమకూర్చింది ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లీ. సెట్టు ఎంత బాగున్నా వెలుగు చెడితే అంతే సంగతులు.

కథలో ఘటోత్కచుడి మనుషులు మంత్రం వేయగానే మాయానగరం లేస్తుంది. వారిలో చిన్నమయ వేషం రమణారెడ్డిది. ఆయన నెల్లూరు జిల్లా జగదేవిపేట మనిషి, అప్పట్లో మన గూడూరూ ఆ జిల్లాలోదే. తెరమీద చిటికెలో అయిన పనికి తెర వెనక వడ్రంగులు, పెయింటర్లు, లైట్‌మెన్ కలిసి 300 నుంచి 400 మంది చెమటోడ్చారని చెబుతారు. వారి పేర్లు ఏ టైటిల్సులోనూ లేవు.

శర్మ, శాస్త్రులను ముప్పుతిప్పలు పెట్టే గిల్పం, గింబళి ఎంత నవ్వించాయో చెప్పనక్కర్లేదు. శశిరేఖ తన అభిమన్యుణ్ని చూసుకునే ప్రియదర్శిని పెట్టె సంగతి ఇంకా చిత్రం. ఢిల్లీలో టెలివిజన్ ప్రసారాలు మొదలైంది 1959లో. అంతకు రెండేళ్ల ముందే మన పల్లెల టూరింగు టాకీసుల్లో జనం తెరమీద అలాంటి పెట్టెను చూసేశారు!

నలుపు తెలుపు చిత్రాలకు సెట్టు వేసేవారికి మరో చిక్కు ఉండేది. కంటికి ఎరుపు, ఆకుపచ్చ వేరువేరు. ఫిల్ము మీద రెండూ ఒకే బూడిదరంగులోకి దిగిపోవచ్చు. అందుచేత గోడకు రంగు వేసేటప్పుడు కంటికి నచ్చితే చాలదు, కెమెరాకు ఎలా అగుపిస్తుందో ముందే ఊహించాలి.

షూటింగు ముగిస్తే సెట్టు విప్పేయడమే. చెక్క, మేకులు మరో సినిమాకు పోతాయి. ఆ సెట్లు లేచిన వడపళని స్టూడియో ఆవరణలో ఇప్పుడు ఆస్పత్రి, షాపింగ్ మాల్ ఉన్నాయి. గోఖలే 1981లో కన్నుమూశారు. 2010లో ‘మాయాబజార్’కు రంగులద్ది మళ్లీ విడుదల చేశారు. ఆయన బూడిదరంగు లెక్కల్లో కట్టిన ద్వారకకు ఏ గోడకు ఏ రంగు వేయాలో అప్పుడు కంప్యూటర్ల ముందు కూర్చున్నవారు నిర్ణయించారు.